తొంభై రోజుల లెక్క

అమెరికాలో, కాన్సస్ రాష్ట్రంలోని ఓ లాయరు ఆఫీసులో ముప్పై ఏళ్లుగా టైపిస్టు వెర్నా స్టకీ. రాష్ట్ర సుప్రీంకోర్టులో ఓడిన కేసును వాషింగ్టన్‌లోని దేశపు సుప్రీంకోర్టుకు పంపడానికి అప్పీలు అర్జీ నలభై ప్రతులూ అచ్చయి వచ్చాయి.

"గడువుకి ఇంకా వారముంది. చేపలు పట్టుకొచ్చాక పంపుదాం," అన్నాడు లాయరు ఆరిన్.

"ఏ రోజునుంచి లెక్కేశారు సార్?"

"రాష్ట్ర సుప్రీంకోర్టు కింది కోర్టుకు ఉత్తర్వు పంపిన రోజునుంచి."

"కొంప మునిగింది! తొంభై రోజులూ తీర్పిచ్చిన రోజునుంచే. గడువు ఇవాళ్టితో సరి!"

ఆరిన్ గబుక్కున లేచి క్యాలెండరు తిరగేశాడు.

"గాభరా ఎందుకు? పోస్టాఫీసు ముద్ర ఇవాళ్టిదైతే చాలు," అంటూ వెర్నా పెట్టెలు కారులోకి ఎక్కించింది. పోస్టాఫీసు మూసే వేళకి ముద్ర పడింది.

రెండు వారాలకు, అర్జీ గడువులోగానే దాఖలైందంటూ కేసు నంబరు వేసిన ఉత్తరం వాషింగ్టన్ నుంచి వచ్చింది. దాన్ని వెర్నా రెండుసార్లు చదువుకుని, మురిసిపోతూ ఫైల్లో పెట్టింది.