మేడమ్ కోసం ఏడవాల్సిన మనిషి

కిందింట్లో బండలు కోస్తున్నారు. యంత్రం ఆగినప్పుడల్లా తడిసిన రాతిపొడి వాసన మెట్లెక్కి నా గదిలోకి వస్తోంది. కడపలో ఉండేవాడికి బండల వాసన కొత్త కాదు. కానీ ఇవి బేతంచెర్ల నుంచి లారీలో దిగిన బండలు. వాటిని చూసినప్పటి నుంచి, సుగుణ మేడమ్ పోయిన రోజు నేను చేసిన తప్పు మనసులోంచి పోవడం లేదు. ఆ పొద్దున కబురందగానే కారు మాట్లాడుకుని కర్నూలుకు బయలుదేరాను. పాణ్యం దగ్గర బేతంచెర్లకు దోవ చీలుతుంది. ఆ దోవలో పోతే ఓబులమ్మ ఉంటుంది. మేడమ్ చనిపోతే వచ్చి ఏడుస్తానని మాటిచ్చిన మనిషి లోకంలో ఆమె ఒక్కతే. ఆ కబురు చేర్చవలసినవాణ్ణి నేను. డ్రైవరును ఆపమనలేదు. ఫోనూ చెయ్యలేదు. మరిచిపోయానని చెప్పుకోగలిగితే బాగుండేది. మరవలేదు.

సుగుణ మేడమ్ యూనివర్సిటీలో మానవశాస్త్రం చెప్పేవారు. నా పరిశోధనకు ఆమే గైడు. నా అంశం ఈ ప్రాంతపు చావు ఏడుపులు. చావింట్లో ఆడవాళ్ళు రాగం తీసి, పోయినవాళ్ళ బతుకంతా చెప్పుకొని ఏడుస్తారు కదా, దాని మీద. నేను అప్పటికే నాలుగు సిద్ధాంతాలు చదివి, ఏ ఏడుపు వెనక ఏ సామాజిక నిర్మాణం ఉందో ఊరికి పోకముందే రాసేయగల స్థితిలో ఉన్నాను. మేడమ్ నా కాగితాలు పక్కన పెట్టి, "నిర్మాణం యాడికీ పోదులే. ముందు ఆ ఇంట్లో ఆ పూట ఎవరు వండారో, ఎవరు తినలేదో కనుక్కో" అనేవారు. నాకు అది చిన్న పనిగా కనిపించేది.

మొదటిసారి ఆమే నన్ను బేతంచెర్లకు తీసుకెళ్ళారు. స్టేషను అవతల, బండలు పాలిష్ పట్టే ఫ్యాక్టరీల వెనక కూలివాళ్ళ ఇళ్ళు. మధ్యాహ్నం పని వదిలి, కనుబొమల దాకా తెల్లటి పొడితో ఆడవాళ్ళు నీడన కూర్చున్నారు. నేను అడగాల్సిన ప్రశ్నలు గొంతులో సిద్ధంగా పెట్టుకున్నాను. ఓబులమ్మ నాకు సందివ్వలేదు. మేడమ్‌ను ఎగాదిగా చూసి తనే మొదలుపెట్టింది.

"ఏమ్మే, పెండ్లయిందా?"

"లేదు."

"ఏం? ఎవురూ అడగలేదా, నువ్వే ఒప్పుకోలేదా?"

"అడిగినాడు ఒకాయన. సదువయిపోనీ అంటి. ఆయప్ప ఆగలేదు."

"ఆగే మొగోడు యాడుంటాడులే!" అంది ఒకామె. అందరూ నవ్వారు. నేను మాట మార్చబోతే మేడమ్ కళ్ళతోనే వద్దన్నారు. ఓబులమ్మ వదల్లేదు. "తోడబుట్టినోళ్ళు?"

"తమ్ముడుండాడు, బెంగళూరులో. మాటల్లేవు."

"మడి నువ్వు సస్తే ఎవురేడుస్తారు?"

మేడమ్ ఆ ప్రశ్నను నవ్వి తోసేయలేదు. నిజంగానే ఆలోచించి, "ఎవరూ లేరు ఓబులమ్మా" అన్నారు.

"అట్లనొద్దు. చెప్పుకొని ఏడ్సేవాళ్ళు లేకుంటే అది మూగసావు. కబురు చెయ్యి, నేనొచ్చి ఏడుస్తా. నా రాగం శానా బాగుంటాది, కావాలంటే వీళ్ళనడుగు."

"దుడ్లెంత తీసుకుంటావో ముందే చెప్పే!" అని పక్కామె ఎగతాళి చేసింది.

"థూ నీ నోట్లో మన్నుబడ! చెల్లెలి కాడ దుడ్లా?"

ఆ సాయంత్రం రైల్లో మేడమ్ కిటికీ వైపు చూస్తూ, "మనం అడిగే ప్రతి ప్రశ్నా వాళ్ళు మనల్ని అడగొచ్చు. జవాబు చెప్పే ధైర్యం లేని రోజు ఊరికి పోవద్దు" అన్నారు. మళ్ళీ తేలిగ్గా, "మాట తీసుకున్నాను. నువ్వే సాక్షి. కబురు పెట్టేది నువ్వే" అన్నారు. నేను తలూపాను.

ఇంకొక రోజు కూడా చెప్పాలి. కోడుమూరు పక్కన ఒక ఊళ్ళో పెద్దకొడుకును పోగొట్టుకున్న తల్లి ఏడుస్తోంది. అంత స్పష్టమైన రాగం నేనెప్పుడూ వినలేదు. రికార్డరు ఆమె ముఖానికి దగ్గరగా పెట్టాను. వెనకనుంచి మేడమ్ నా చెయ్యి దించి, తను పోయి ఆమె పక్కన కూర్చుని భుజం పట్టుకున్నారు. తిరుగు ప్రయాణంలో నేను కోపం దాచుకోలేకపోయాను. "ఒక్క ముక్క రికార్డు కాలేదు మేడమ్!"

"నీకు వినపడలేదా?" అన్నారామె.

నాకు డిగ్రీ వచ్చింది, కడపలో ఉద్యోగం వచ్చింది. మేడమ్ రిటైరై కర్నూలులో ఫ్లాటులో ఒంటరిగా ఉండిపోయారు. మొదట్లో ప్రతి ఆదివారం ఫోన్ చేసేవాణ్ణి. తర్వాత పండగలకు. తర్వాత ఆమె చేస్తే, "మళ్ళీ చేస్తాను మేడమ్" అని పెట్టేసేవాణ్ణి.

ఆ రోజు ఫ్లాటులో ఐస్ పెట్టె చుట్టూ కుర్చీలు వేశారు. బెంగళూరు నుంచి తమ్ముడి కుటుంబం వచ్చింది. పాత ప్రొఫెసర్లు చేతులు కట్టుకుని నిలబడ్డారు. అందరూ గుసగుసగా మాట్లాడుతున్నారు. ఎవరూ ఏడవడం లేదు. పెట్టె మోటారు చప్పుడే అన్నిటికన్నా గట్టిగా వినిపిస్తోంది. ఇక్కడికి ఓబులమ్మ వచ్చి, గుమ్మంలోనే రొమ్ము బాదుకుని రాగం తీస్తే ఈ పెద్దమనుషులు ఏమనుకుంటారు? తెలిసీ కబురు పెట్టకపోవడానికి కారణం ఇంతే. సిగ్గుపడ్డాను. ఏ ఏడుపుల మీద డాక్టరేటు తీసుకున్నానో ఆ ఏడుపుకే సిగ్గుపడ్డాను. వ్యాను, పూలు, శ్మశానంలో వేళ, అన్నీ వరండాలో ఫోన్లో కుదిర్చాను. చివర ఒక ప్రొఫెసరు నా భుజం తట్టి, "చాలా పద్ధతిగా జరిపించావయ్యా" అన్నాడు. ఆ మెప్పు కూడా తీసుకున్నాను.

నెల దాటాక గానీ బేతంచెర్లకు పోలేకపోయాను. ఓబులమ్మ ఆయాసంతో పని మానేసి ఇంటిముందు కూర్చుని ఉంది. నన్ను చూసి, "ఏమప్పా, మా చెల్లెలు రాలేదా?" అంది. చెప్పాను. ఏడుస్తుందనుకున్నాను. ఏడవలేదు.

"నీళ్ళెవురు పోసినారు?"

"తెలీదు."

"ఏం చీర కట్టినారు? ఆఖర్న తినేకి ఏమడిగింది?"

"తెలీదమ్మా."

"మడి నువ్వు యాడుంటివి?"

"బయట... ఫోన్లో ఉన్నాను."

"నేనేం చెప్పుకొని ఏడ్సల్లప్పా? ఒక్క మాటన్నా తెచ్చినావా నువ్వు? పో, కనుక్కోనిరా పో."

అక్కడినుంచే కర్నూలు బస్సెక్కాను. మేడమ్‌కు వంట చేసిపెట్టిన హుసేన్‌బీ పాతబస్తీలో ఉంటుంది. ఆమె గడపలో నిలబెట్టే, నేనెవరో, ఆరోజు వరండాలోనే ఎందుకు ఉండిపోయానో అడిగింది. దాచకుండా చెప్పాను. అప్పుడు కూర్చోమంది. ఆఖరి నీళ్ళు తనే పోసిందట. తమ్ముడి భార్య భయపడి లోపలికి రాలేదట. ఆకుపచ్చ నూలుచీర అంచు చిరిగి ఉంటే, ఆ పూటే కుట్టి కట్టిందట. ముందురోజు మేడమ్ జొన్నరొట్టె అడిగి చేయించుకుని, నమలలేక ముక్క చేతిలో పట్టుకునే నిద్రపోయారట. ఇంకేమన్నా ఉందా అని అడిగాను. హుసేన్‌బీ కాస్త తటపటాయించింది. "ఐతారం వస్తే ఫోను పక్కన పెట్టుకొని కూసునేది సార్. తినేకి రమ్మంటే, ఉండు, పిల్లోడు చేస్తాడు అనేది."

ఆ ఒక్కటీ చెప్పకుండా ఉండవచ్చు. ఓబులమ్మకు ఎలా తెలుస్తుంది? మర్నాడు బేతంచెర్లకు మళ్ళీ పోయేదాకా బస్సులో అదే ఆలోచన. ఆమె ఎదురుగా కూర్చుని నీళ్ళ గురించి, చీర గురించి, రొట్టె గురించి చెప్పాను. ఫోను గురించి కూడా చెప్పాను. ఆ పిల్లోణ్ణి నేనేనని చెప్పాను.

ఓబులమ్మ కొంగు నోటికడ్డం పెట్టుకుంది. తర్వాత రాగమెత్తింది. ఆయాసానికి మధ్యమధ్య తెగిపోతోంది. ఇరుగుపొరుగు ఆడవాళ్ళు పరుగున వచ్చి, ఎవరని కూడా అడక్కుండా ఆమెను పట్టుకుని గొంతు కలిపారు. తురక చేతి నీళ్ళు సల్లంగ ఉండె చెల్లెలా అంది. రొట్టెముక్క చేతిలోనే ఉండిపాయె చెల్లెలా అంది. ఫోనుకాడ పొద్దుగూకినాది, పలకరించే కొడుకు పనిలో ఉండెనే అంది. నన్ను చూసి అనలేదు. తిట్టినట్టూ లేదు. జరిగింది చెప్పింది, అంతే. నా ఫోను జేబులోనే ఉంది. నేను తల దించుకుని వింటూ కూర్చున్నాను.

ఏడుపు తగ్గాక ముఖం కడుక్కుని, "లెయ్యి, నువ్వూ నీళ్ళు పోసుకో" అంది.

"ఆరోజే స్నానం చేశానమ్మా."

"ఆ పొద్దు నువ్వేడ్సింది యాడ?"

ఇంటివెనక బండ మీద కూర్చున్నాను. ఓబులమ్మ గోడ పట్టుకుని నిలబడి, చెంబుతో నా తలమీద నీళ్ళు పోసింది. పొద్దు గుంకకముందే బస్సెక్కాను. తల ఇంకా తడిగానే ఉంది.