వెంట్రుకవాసి కుందేలు

మా తాతయ్యది ఒకటే జబ్బు. కెమెరా పక్కన కూర్చున్నాడంటే ఇల్లు తగలబడుతున్నా లేవడు. లేచే పనులన్నీ మనవే.

పేరు హెల్మూట్. జర్మనీలో పిల్లల టీవీకి జీవితమంతా బొమ్మల సినిమాలు తీశాడు. ఉన్నిబొమ్మని వెంట్రుకవాసి జరపడం, ఒక ఫొటో తీయడం, మళ్లీ జరపడం. వారం కష్టపడితే బొమ్మ ఒకసారి తుమ్ముతుంది. అక్కడి ఆసుపత్రిలో నర్సుగా ఉన్న మా భీమవరం అమ్మమ్మ జోసఫిన్‌ని పెళ్లాడి తెలుగు నేర్చుకున్నాడు. అందులో ఆయనకి అన్నిటికంటే నచ్చిన మాట "వెంట్రుకవాసి".

"తాతయ్యా, పప్పు వెయ్యనా?"

"వెంట్రుకవాసి."

2009లో ఇద్దరూ ట్రాయ్ అనే అమెరికా ఊళ్లో మా ఇంట్లోనే ఉండేవారు. ఆ చలికాలం అమ్మమ్మకి మోకాలి ఆపరేషన్ అయింది. రోజూ నడవకపోతే కాలు బిగుసుకుపోతుందనీ, ఇక చక్రాల కుర్చీయే గతనీ డాక్టర్ చెప్పాడు. ఎంతమంది పేషెంట్లనో మర్నాడే మంచం దింపి నడిపించిన మనిషి, తన వంతు వచ్చేసరికి రిక్లైనర్ కుర్చీ దిగలేదు. చర్చి నుంచి పాస్టర్‌గారు వచ్చి ప్రార్థన చేశారు.

"ప్రార్థన అయిపోయిందిగా, ఇంక నడవడం ఎందుకు?" అంది.

సరిగ్గా అప్పుడే తాతయ్య హాలంతా ఆక్రమించాడు. ఈస్టర్‌కి జర్మనీ టీవీవాళ్లకి కుందేలు సినిమా ఇవ్వాలట. ఈ చివర అమ్మమ్మ రిక్లైనర్ పక్కన కెమెరా. ఆ చివర బల్ల మీద మిరియాల కళ్ల కుందేలు.

"జోసఫిన్, వెంట్రుకవాసి జరుపు."

"మీకు కాళ్లు లేవా?"

"నేను లేస్తే కెమెరా కదులుతుంది."

"లెవిగాణ్ణి పంపండి."

"వాడు ముట్టుకుంటే కుందేలు గంతేస్తుంది. నరం వెతికి సూది గుచ్చిన చెయ్యి కావాలి."

నేను కాలేజీ సగంలో మానేసినవాణ్ణే గానీ, కుందేల్ని జరపలేనంత సన్నాసిని కాను. చెబితే ఎవరు వింటారు?

అమ్మమ్మ తిట్టుకుంటూ వాకర్ పట్టుకుని వెళ్లేది, జరిపేది, తిరిగొచ్చి కూలబడేది. ఊపిరి తీసుకోకముందే మళ్లీ, "జోసఫిన్..."

"డాడీ, ఆవిడ పేషెంట్! నీ సినిమా పిచ్చికి కనికరం కూడా లేదా?" అని మా అమ్మ దెబోరా అరిచేది. ఆయన కదిలితేగా!

ఈస్టర్ సాయంత్రం అందర్నీ కూర్చోబెట్టి సినిమా వేశాడు. కుందేలు ఎక్కడో వెనకాల మసగ్గా ఉంది. ముందంతా అమ్మమ్మే. వాకర్‌తో ఈడ్చుకుంటూ, తర్వాత చేతికర్రతో, ఆ తర్వాత ఉత్త చేతుల్తో, తిట్టుకుంటూ గబగబా. రోజూ చూస్తున్న మేమెవరమూ ఆ మార్పు గమనించనేలేదు.

"మరి టీవీవాళ్ల కుందేలు?" అన్నాను.

"వచ్చే ఈస్టర్‌కి. అది ఉన్నిది, ముసలిదవదు."

అమ్మమ్మ రిక్లైనర్ లోంచి దిగ్గున లేచింది.

"నైటీలో తీస్తారా నన్ను?"

విసవిసా హాలు దాటి తాతయ్య సోఫా ముందు నిలబడింది.

"ఊఁ, వెంట్రుకవాసి జరగండి."

తాతయ్య జరిగాడు.