నా జడ మీది మొక్కు

నా చిన్నప్పుడు మా ఇంటి కేసు మద్రాసు హైకోర్టులో ఉన్నా, దాని బరువంతా నా జడ మీదే ఉండేది. పళ్ళిపట్టు దగ్గర మా చెరుకు తోటకు పోయే దారికి పక్క పొలం ఆసామి కంచె వేశాడు. బండి లోపలికి పోదు, కొట్టిన చెరుకు బయటికి రాదు. మా తాతయ్య పిటిషన్ వేయించాడు. దారి వస్తే మనవరాలి తలనీలాలు ఇస్తానని మా అవ్వ తిరుత్తణి స్వామికి మొక్కుకుంది. నాది నడుము దాటిన జడ. బళ్ళో దాన్ని చూసి కుళ్ళుకోని పిల్ల లేదు. మొక్కేముందు నన్ను మాత్రం ఎవరూ అడగలేదు.

ఒకరోజు తాతయ్య, చిన్నాయన మద్రాసు నుంచి ముఖాలు వేలాడేసుకొని వచ్చారు. ఇలాంటి తగాదా కింది కోర్టులో తేల్చుకోవాలని జడ్జి అనేసరికి, అక్కడ దావా వేసుకుంటామని చెప్పి లాయరు పిటిషన్ వాపసు తీసుకున్నాడట. ఆ ఏటి చెరుకు ఎండిపోయినట్టేనని అందరికీ అర్థమైంది. అవ్వ పొయ్యి కూడా వెలిగించలేదు. నేను మాత్రం పెరట్లో కనకాంబరాలు కోసి, జడ నిండా తురుముకొని గెంతుకుంటూ వచ్చాను.

చిన్నాయన నన్ను చూసి, "కేసు పోలేదు పాపా. తిరుత్తణి కోర్టులో మల్లా వేస్తాం. మొక్కు మొక్కే," అన్నాడు.

"ఆడ గూడా ఓడిపోవాల!" అని అరిచాను.

అవ్వ చెయ్యెత్తింది. తాతయ్య ఆ చెయ్యి పట్టుకొని ఆపాడు. నన్నూ, నా జడలోని పూలనూ చూశాడు. సిగ్గుతో చచ్చిపోయాను.

కొత్త దావా వేయడానికి తిరుత్తణి వెళ్ళిన రోజు తాతయ్య నన్నూ అవ్వనూ వెంట తీసుకెళ్ళాడు. బస్సులో జడ గట్టిగా పట్టుకునే కూర్చున్నాను. తీరా కొండ మీద మంగలి ముందు కూర్చున్నది తాతయ్య. ఊళ్ళో మగవాళ్ళంతా క్రాపులకు మారినా తాను వదలని జుట్టుముడిని విప్పి, తల వంచాడు.

"గెలిచినంక గదా ఇచ్చేది?" అంది అవ్వ.

"అంతదాకా బిడ్డ మన ఓటమి కోరుకుంటా ఉండాల్నా? దాన్ని అడక్కుండా మొక్కినాం, తప్పు మనది. కోర్టులో వాపసు తీసుకోలేదా, అట్లనే ఆ మొక్కు గూడా తీసుకొందాం. నా తల ఇచ్చి మల్లా అడగతా," అన్నాడు తాతయ్య.

ఆ గుండుతోనే కోర్టు మెట్లెక్కాడు. దావా వెయ్యకముందే గుండయిందని అవతలి ఆసామి మనుషులు వరండాలో పగలబడి నవ్వారు. తాతయ్య కూడా వాళ్ళతో కలిసి నవ్వాడు. నేను తలెత్తలేకపోయాను.

దారి రావడానికి ఏళ్ళు పట్టింది. వయసు మీదపడ్డ తాతయ్య జుట్టు మళ్ళీ ముడికి అందనే లేదు. ఇప్పుడు తిరువళ్ళూరులో నా చుట్టూ మనవళ్ళు, మనవరాళ్ళు. వాళ్ళను అడగకుండా వాళ్ళ తరఫున దేవుడికైనా మాటివ్వను. అడిగిన తీరు తప్పని తెలిస్తే వెనక్కి తీసుకొని, ఇంకో దారిన అడుగుతాను. అందుకు సిగ్గుపడను. సిగ్గల్లా ఆనాటి నా అరుపుకే. తాతయ్య ఆ రోజు నన్ను ఒక్క దెబ్బ కొట్టి ఉంటే ఎప్పుడో మరిచిపోయేదాన్ని.