తాగకుండా వెనక్కిచ్చిన పన్నెండో గిన్నె

ప్రభువునందు ప్రియమైన సహోదరులారా, సహోదరీలారా! ఒట్టు పెట్టుకోవద్దని వాక్యంలో ఉంది కాబట్టి ఒట్టు పెట్టను గానీ, నా ఎడమచెయ్యి బైబిలు మీద పెట్టి, కుడిచేత్తో ఇది రాస్తాండా, కాగితం ఎగిరిపోకుండా పట్టుకునేదానికి మూడో చెయ్యి లేదు కాబట్టి అక్షరాలు వంకరపోతే పత్రికవాళ్ళు సర్దుకోవాల, ఇందులో ప్రతి మాటా నిజం! జమ్మలమడుగులో నన్నెరిగినవాళ్ళు ఈ మాట దగ్గరే నవ్వుతారని నాకు తెలుసు. నవ్వండి. నవ్వి, మిగతాది కూడా చదవండి.

నా పేరు ఏసురత్నం. జమ్మలమడుగు బస్టాండు కాడ ఆటో తోలతాను. గండికోట చూడనీకి వచ్చినోళ్ళను ఎక్కించుకొని పోయి, దారి పొడుగునా కథలు చెప్తాను. పెన్నానది ఒకనాడు పుట్టింటి మీద అలిగి కొండను కోసుకొని పోయిందనీ, కోటలోని ధాన్యపు కొట్టులో రాజుగారి కాలం నాటి ఎలుకల వంశం ఇప్పటికీ కాపురం ఉందనీ, వాటిలో పెద్ద ఎలుకకు మీసాలు నెరిసినాయనీ నేను చెప్తాంటే, బెంగళూరు నుంచి వచ్చిన చదువుకున్నోళ్ళు ఫోనులో రికార్డు చేసుకొని పోయేవాళ్ళు! ఆ నాలుకే నాకు అన్నం పెట్టింది, ఆ నాలుకే నన్ను ముంచింది, ఎందుకంటే సహోదరులారా, తాగుబోతుకు కథలు చెప్పడం వస్తే వాణ్ణి పట్టుకోవడం ఎవరి తరమూ కాదు.

మొదట్లో సాయంత్రం ఒక క్వార్టరు అన్నాను, తరవాత మధ్యాహ్నం అన్నాను, చివరికి పొద్దున మొహం కడుక్కునే ముందరే చెయ్యి వణికేది, ఆ వణుకు ఆపేదానికి తాగాల, తాగినందుకు కథ చెప్పాల, ఆ కథను కాపాడేదానికి ఇంకో కథ చెప్పాల. ఆటో చెడిపోయిందనీ, ప్రొద్దుటూరులో ఒక సేటు గుండె నొప్పితో పడిపోతే ఆసుపత్రికి మోసుకుపోయినాననీ చెప్పేవాణ్ణి. మొదట్లో మా ఆమె సుగుణ నవ్వేది. ఆ సేటు బతికినాడా లేదా అని మరుసటి రోజు అడిగేది కూడా. ఒకనాటికి అడగడం మానేసింది. నా ఇంట్లో చీకటి మొదలైంది అప్పుడే అని నాకు తెలియనే లేదు!

ఆ వేసవిలో మా సండేస్కూలు పిల్లలను గండికోటకు పిక్నిక్కు తీసుకొని పోయినారు. తిరిగొచ్చేటప్పుడు మా పాప కీర్తనను నా ఆటోలో కూర్చోబెట్టుకున్నాను. మిట్టమధ్యాహ్నం. నేను తాగి ఉన్నాను. దిగుడు రోడ్డులో ఆటో నా మాట వినకుండా పక్కకు దిగిపోయి, కంపచెట్ల గుబురులోకి దూరి, ముందు చక్రం గాల్లో తేలుతా నిలబడిపోయింది. ఆ కంపలో ఒక ఉడుము ఉంది. ఇంత పొడుగు ఉడుము! అది తల ఎత్తి, ప్రసంగం మధ్యలో మా పాస్టరు అయ్యగారు నిద్రపోయేవాణ్ణి చూసినట్టు నన్నే చూస్తాంది. మా ఆటో స్టాండు మస్తాను వెనకే వస్తా ఉండి, దిగి, పాపను ఎత్తుకొని, ఉడుమును చూసి, నన్ను చూసి, "దానికన్నా బుద్ధుందప్పా, రోడ్డు మీదికి రాలా" అన్నాడు. పాపకు మోచేతి కాడ గీరుకుంది, అంతే. దేవునికే స్తోత్రం! కానీ ఆ రోజు నుంచి పాప నా ఆటో ఎక్కలేదు. అంగడికైనా నడిచే పోయేది. నేను వెనకనే ఆటోలో మెల్లగా పోతాంటే తిరిగి చూసేది కాదు.

వారం తిరక్కముందే సుగుణ పాపను తీసుకొని పులివెందులలోని పుట్టింటికి పోయింది. పోతా పోతా గడప మీద నిలబడి ఏడవలేదు, తిట్టలేదు. "ఏమయ్యా, నీ నోట్లోంచి వచ్చేది ఏదీ ఇంక నేను నమ్మను. నా కంటితో చూసిందే నమ్ముతా. మొదటి ఆదివారం ప్రభువు బల్ల కాడికి రా. నేను బస్సెక్కి వచ్చి కూర్చొని చూస్తా. మనుషుల ముందర అబద్ధమాడతావు గానీ ఆ బల్ల ముందర ఆడవు, అంతమాత్రం భయం నీకుంది. పన్నెండు నెలలు పన్నెండు గిన్నెలు తీసుకో. అప్పుడు ఇంటికొస్తా" అనింది.

మా సంఘం సంగతి తెలియనివాళ్ళకు చెప్తాండా. నెలకొకసారి, మొదటి ఆదివారం, ప్రభువు బల్ల కాడ మోకరించి రొట్టె ముక్క, చిన్న గిన్నెలో ద్రాక్షరసం తీసుకుంటాము. మా తాతల నాటి నుంచి మా గుడిలో ఒక కట్టడి ఉంది. ఆ నెలలో తాగినోడు బల్ల కాడికి రాకూడదు. ఎవరూ పేరు పెట్టి పిలవరు, ఎవరూ ఆపరు. వాడే బెంచీ మీద కూర్చుండిపోతాడు, వాడు కూర్చున్నాడంటే ఊరంతా అర్థం చేసుకుంటాది. నేను ఏండ్ల తరబడి కూర్చున్న మనిషిని. ఆ బెంచీ నా ఒంటి ఆకారానికి అరిగిపోయింది!

సహోదరులారా, మానడం నా వల్ల కాలేదు. మానుతానని పొద్దున చెప్పి సాయంత్రానికి వణికిపోయి, గోడల మీద చీమలు కాని చీమలు పాకుతాంటే చూసి, అయ్యగారి ఇంటికి పరిగెత్తినాను. అయ్యగారు తలమీద చెయ్యిపెట్టి ప్రార్థన చేసి, ఆ చెయ్యి తియ్యకుండానే నన్ను ప్రొద్దుటూరుకు తీసుకొని పోయి డాక్టరమ్మకు అప్పజెప్పినారు. ఉన్నట్టుండి ఒంటరిగా మానితే ప్రాణానికే ముప్పు, ముందే ఎందుకు రాలేదు అని ఆమె తిట్టింది. ప్రార్థన ఉండగా మాత్రలు ఎందుకని నేను గొణిగితే, అయ్యగారు "ఏసురత్నం, నీకు ఆకలైతే ప్రార్థన చేసి అన్నం తింటావా, మానేస్తావా?" అన్నారు. మాత్రలు మింగినాను. అప్పుడు నా ప్రార్థన ఒకటే, "ప్రభువా, రేపటి సంగతి నేను అడగను, ఈ పూట నన్ను ఆ బ్రాందీ కొట్టు దాటించు!" ఆ కొట్టు ముందర ఆటో దాటేటప్పుడు హారను కొట్టుకుంటా పోయేవాణ్ణి, నా చెవులకు నా మనసు మాట వినపడకుండా!

మొదటి గిన్నె నాడు నా చెయ్యి ఎంత వణికిందంటే, ద్రాక్షరసం నోట్లోకి పోయింది ఒక చుక్క, మిగతాదంతా నా తెల్లచొక్కా తాగింది. ఆడవాళ్ళ వైపు సుగుణ కూర్చొని ఉంది. నా మొహం చూడలేదు, నా చెయ్యి చూసింది. గుడి అయిపోయినాక నేరుగా పోయి పులివెందుల బస్సెక్కింది. రెండో నెల చొక్కా మీద మరక కొంచెం చిన్నదైంది. ఆ తరవాత ఇంకా చిన్నది. నేను ఆదివారానికి ఆ చొక్కానే తొడిగేవాణ్ణి, మరకలు ఎంత ఉతికినా పోలేదు. నేను ఎంత దూరం వచ్చినానో నాకు చెప్పడానికి ఆ మరకలే సాలు. సగం ఏడాది గడిచినాక ఒక చుక్క కూడా ఒలకలేదు. ఆ రోజు సుగుణ బస్సెక్కే ముందర "తిన్నావా?" అని అడిగింది. దేవునికే మహిమ! పదకొండో నెలలో పాప కూడా వచ్చింది, బస్టాండు దాకా నా ఆటోలో ఎక్కింది. నేను సైకిలోడు కూడా దాటిపోయేంత మెల్లగా తోలినాను.

పన్నెండో గిన్నె మే నెలలో వచ్చింది. మన మే నెల మీకు తెలుసు, బండల మీద నీళ్ళు పోస్తే ఆవిరి లేస్తాది. నేను మోకరించినాను. సంఘపెద్ద సామేలయ్య, రిటైరైన టీచరు, గిన్నెల పళ్ళెం తెచ్చినాడు. గిన్నె తీసుకొని పైకెత్తినాను, వాసన తగిలింది. సహోదరులారా, ఆ వాసన నాకు అమ్మ గొంతు మాదిరి తెలుసు! అయ్యగారి ఇంట్లో ఫ్రిజ్జు చెడిపోయిందంట, అమ్మగారు ద్రాక్షరసం ముందే కాచి సీసాకు పోసి గుడి బీరువాలో పెట్టిందంట, ఆ ఎండకు అది పులిసి, పొంగి, రసం కాస్తా సారాయి దారి పట్టింది.

నా ముందర అందరూ పుల్లగా ఉందని మొహం ముడుచుకొని తాగేసినారు. వాళ్ళకేం? ఒక గుక్క. నాకు మాత్రం ఆ గుక్క వెనక ఒక పెద్ద చెరువు నిలబడి ఉంది. తాగితే పన్నెండో గిన్నె, సుగుణ ఇంటికొస్తాది, పాప ఇంటికొస్తాది, నన్నెవరూ తప్పు పట్టరు. తాగకుండా పెట్టేస్తే, ఈ నెల వీడు తాగినాడు అని గుడంతా అనుకుంటాది. వాసన తగిలిన మరుక్షణమే నేను గిన్నెను పళ్ళెంలో వెనక్కి పెట్టేసినాను. నా చెయ్యి బండరాయి మాదిరి నిలకడగా ఉంది. దేవునికే మహిమ!

సామేలయ్య మొహం మాడిపోయింది. వెనక గుసగుసలు లేచినాయి. నేను లేచి ఆడవాళ్ళ వైపు చూసేసరికి సుగుణ లేదు. సంచీ తీసుకొని, పాప చెయ్యి పట్టుకొని, వెళ్ళిపోయింది.

చెప్పుల్లేకుండా బస్టాండు దాకా పరిగెత్తినాను. కాళ్ళు కాలినాయి. పులివెందుల బస్సులో కిటికీ పక్కన కూర్చొని ఉంది. నేను కిందనే నిలబడి కిటికీ కమ్మీలు పట్టుకున్నాను.

"తాగినావా?" అనింది.

"లే."

"మరి ఎందుకు పెట్టేసినావు?"

"రసం పులిసింది. వాసనొచ్చింది. పెట్టేసినా."

సుగుణ సంచీ ఒళ్ళోకి లాక్కుంది. "ఇంకేం లేదా?"

"లే."

"దేవదూత రాలేదా? ఉడుము గానీ?"

"ఏమీ రాలేదు సుగుణా."

కండక్టరు విజిలు నోట్లో పెట్టుకొని "ఏమప్పా, ఎక్కుతావా, లేకుంటే కిటికీ పీక్కొని పోతావా?" అన్నాడు. బస్సులో వాళ్ళు నవ్వినారు. సుగుణ లేచి, సంచీ చంకన పెట్టుకొని, పాపను ముందు దింపి, తానూ దిగింది. దిగి, నా ముందర నిలబడి, "నువ్వు అబద్ధం చెప్తే శానా బాగుంటాదయ్యా. వినేదానికి సొగసుగా ఉంటాది. ఇంత చప్పగా చెప్పినావంటే నిజమే" అనింది.

ముగ్గురమూ మస్తాను ఆటోలో గుడికి తిరిగి పోయేసరికి ఆరాధన అయిపోయింది. అయ్యగారికి చెప్పినాను. ఆయన పాపం పుట్టుకతోనే వాసన సరిగా తెలియని మనిషి. సీసా తెచ్చి బిరడా లాగినారు. బుస్సుమని పొంగి ఆయన అంగీ తడిపేసింది! అమ్మగారు నోటికి కొంగు అడ్డం పెట్టుకొని కూర్చుండిపోయింది. అప్పుడు సామేలయ్య గొంతు సవరించుకొని, "నాకూ వాసన తెలిసిందప్పా, ఏసురత్నం" అన్నాడు.

"మరి చెప్పలేదేం సార్?" అన్నాను.

"చెప్తే, నీకెట్లా తెలుసు అని అడుగుతారు గదా!"

అంతటి పెద్దమనిషి తల దించుకున్నాడు. ఆయన వెనక ఇంకో ఇద్దరు పెద్దమనుషులు కిటికీలోంచి బయటికి చూస్తాండారు, బయట ఏమీ లేదు. అమ్మగారికి నవ్వాగలేదు, ఆమె నవ్వితే అందరమూ నవ్వినాము, సామేలయ్య కూడా నవ్వినాడు, నవ్వి నా భుజం పట్టుకున్నాడు. ఇప్పుడు ఆయనా నేనూ గురువారం సాయంత్రాలు కలిసి ప్రార్థన చేసుకుంటాము. ఎందుకో మీకు చెప్పను, అది ఆయన సాక్ష్యం, ఆయనే చెప్పుకోవాల.

పన్నెండో గిన్నె వచ్చే నెల తీసుకుంటానులే అని నేనంటే సుగుణ ఒప్పుకోలేదు. "తాగనిదే పన్నెండోది. అదే లెక్క" అనింది. ఆ రాత్రి మా ఇంట్లో మూడు కంచాలు పెట్టుకున్నాము. ఇప్పుడు అమ్మగారు శనివారం పొద్దు గూకినాక ఎండుద్రాక్ష నానబెట్టి, ఆదివారం పొద్దున పిండి రసం తీస్తాది. ప్రతి మొదటి ఆదివారం నేను మోకరిస్తానే ఉన్నాను, సుగుణ ఇప్పటికీ నా చెయ్యే చూస్తాది.

ఇది చదువుతాండే తమ్ముడా, మామా, నీ చెయ్యి కూడా వణుకుతాంటే సిగ్గుపడద్దు. డాక్టరు కాడికి పో, దేవుని కాడికీ పో, రెండిట్లో ఏదీ రెండోది కాదు. ఏడాది సంగతి ఆలోచించద్దు, ఈ పూట కొట్టు దాటు, హారను కొట్టుకుంటా దాటు! నన్ను ఆ కంపలో ఆపిన దేవుడు నిన్నూ ఆపగలడు, ఆయన్ను నమ్ము. ఇంతవరకు నడిపించిన నా ప్రభువుకు, మాట నమ్మని నా భార్యకు, నా వందనాలు!

ఇంక, రాసిందాంట్లో ఒకటి నేను కల్పించినాను. ఉడుము అనుకుంటాండారు గదా? ఉడుము నిజం, మస్తానును అడగండి, కొంచెం పొట్టిదేమో గానీ ఉడుము ఉంది. పోస్టు చేసే ముందర దీన్ని సుగుణకు చదివి వినిపించినాను. ఆమె వంటింట్లో ఎర్రగడ్డలు తరుగుతాంది. 'మరుక్షణమే' అన్న కాడ కత్తి ఆగింది.

"మరుక్షణమా?" అనింది. "గుడిలో పాడే పాట రెండు చరణాలు అయ్యేదాకా గిన్నె పట్టుకున్నావు. మొదటి నెల వణికినట్టు వణికింది నీ చెయ్యి. బండరాయంట, బండరాయి!"

నిజం, సహోదరులారా. ఆ రెండు చరణాలూ నేను చేసిన ప్రార్థన ఇది, "ప్రభువా, ఇది నీ బల్ల మీదిదే గదా, నీ పేరు మీదే గదా, తాగితే నా పెండ్లాం ఇంటికొస్తాది, నువ్వే తాగమంటాండావు గదా?" జవాబు రాలేదు. నా నోట్లో నీళ్ళూరినాయి. అది భక్తి కాదని ఆ నీళ్ళను బట్టే నాకు తెలిసింది. అప్పుడు పెట్టేసినాను. బస్టాండులో ఈ ముక్క ఆమెకు చెప్పలేదు. ఇన్నాళ్ళూ చెప్పలేదు.

"అదంతా చూసి కూడా బస్సెందుకు దిగినావు?" అని అడిగినాను.

సుగుణ మళ్ళీ కత్తి పట్టుకుంది. ఎర్రగడ్డల ఘాటుకు కండ్లు తుడుచుకుంటా, "పెట్టేసినావు గదా" అనింది.