గేటు దగ్గర కౌన్సిలర్ చక్రధర్

కెనడాలోని సస్కటూన్ సిటీ కౌన్సిల్‌కు చక్రధర్ ఎన్నికైంది కార్మికుల ఓట్లతో. తండ్రి కొత్తగూడెం బొగ్గుగనిలో ఎర్రజెండా యూనియన్ మనిషి. కొడుకు ఇక్కడి మాంసం ప్యాకింగ్ ప్లాంట్‌లో కత్తి పట్టి, యూనియన్ ప్రతినిధి అయి, ఆ పేరుతోనే కౌన్సిల్‌కు వెళ్లాడు. మళ్లీ ఎన్నికలు దగ్గరపడ్డాయి. యూనియన్ మద్దతు ప్రకటించకపోతే అతని కోసం ఇంటింటికీ తిరిగేవాళ్లుండరు. సీటు పోయినట్టే.

అప్పటికి ప్లాంట్‌లో సమ్మె మూడో వారంలో ఉంది. చక్రధర్ రోజూ పొద్దున్నే వచ్చి గేటు దగ్గర కార్మికులతో నిలబడేవాడు. ఆ సోమవారం ఉద్యోగాల ఏజెన్సీ వ్యాన్ ఒకటి వచ్చింది. అందులో ఉన్నది సమ్మె చేస్తున్నవాళ్ల పని చేయించడానికి యాజమాన్యం పిలిపించిన కొత్తవాళ్లు. చూస్తే అందరూ తెలుగు విద్యార్థులే.

యూనియన్ అధ్యక్షురాలు మౌరీన్ డోయల్ వ్యాన్‌కు అడ్డంగా నిలబడి అతన్ని పిలిచింది. ఆమె ముత్తాత ఐర్లండ్ నుంచి వచ్చిన కార్మిక నాయకుడు; ఒక సమ్మెలో పార్టీ మాట కాదని కార్మికుల వైపు నిలబడి పదవి పోగొట్టుకున్న మనిషి.

"మీవాళ్లే. నువ్వే మాట్లాడు" అంది.

చక్రధర్ కిటికీ తట్టాడు. "దిగండి తమ్మీ. ఈడ సమ్మె నడుస్తున్నది."

"మాకెవలు చెప్పలే అంకుల్" అన్నాడు ముందు సీట్లోని ప్రజ్వల్ అనే కుర్రాడు. "ఫుడ్ ప్లాంట్, డే షిఫ్ట్ అన్నరు. పద్మ ఆంటీనే పెట్టిన్రు గదా గ్రూపుల!"

పద్మ చక్రధర్ భార్య. ఎక్కడ ఖాళీ ఉందని తెలిసినా తెలుగువాళ్ల వాట్సాప్ గ్రూపులో పెట్టడం ఆమెకు అలవాటు. కొత్తగా వచ్చిన పిల్లలు చాలామందికి మొదటి ఉద్యోగం అలాగే దొరికింది. ఈ ప్రకటనలో ఏజెన్సీ పేరే ఉంది, ప్లాంట్ పేరు లేదు. ఆరా తీయకుండా పంపేసింది.

"తెలియక వచ్చిన్రు, సరే. ఇప్పుడు తెలిసింది గదా, దిగు."

"దిగితే రెంట్ నువ్వు కడతవా అంకుల్?" అని వెనక నుంచి ఎవరో అంటే లోపల నవ్వారు.

ప్రజ్వల్ ఒక్కడే దిగాడు. కార్మికుల తిట్ల మధ్య వ్యాన్ లోపలికి పోయింది.

ఆ కుర్రాడు ఏమన్నాడని మౌరీన్ అడిగింది. అక్కడున్న కార్మికుల్లో తెలుగు వచ్చినవాళ్లు లేరు.

"ఈ ఉద్యోగం కబురు మా ఇంటి నుంచే వెళ్లింది. మా ఆవిడకు ఏ ప్లాంటో తెలియదు" అన్నాడు చక్రధర్.

సాయంత్రం యూనియన్ సమావేశంలో అతని మద్దతు తీర్మానం ఓటుకు వచ్చింది. గేటు దగ్గర వాళ్ల భాషలో ఏం బేరం కుదుర్చుకున్నాడో ఎవరికి తెలుసని ఒకరన్నారు. మౌరీన్ నోరు విప్పలేదు. పైకి లేచిన చేతులు చాలా తక్కువ.

"చెప్పకుంటే ఎవలకు తెల్సేది?" అంది పద్మ ఇంట్లో.

"ఆ దిగిన పోరడు రేపు చెప్తడు."

"చెప్తే తెలుగులనే చెప్తడు గదా!"

"వాడు ఇంగ్లిష్ రాకనే యూనివర్సిటీల చదువుతున్నడా?"

మర్నాడు కూడా అతను గేటు దగ్గరికి వెళ్లాడు. వ్యాన్ రాగానే పిల్లలతో మాట్లాడదామని ముందుకు కదిలితే, కార్మికులే అతనికి అడ్డంగా నిలబడ్డారు.