నీళ్ళు వినని దెబ్బ

భీమశంకర్‌కు ఆ నీటిసమ్మెటంటే దడ. పెన్సిల్వేనియాలో మూతపడ్డ పాత కొలిమి ఒకదాన్ని మ్యూజియం చేశారు. వాగునీళ్ళతో చక్రం తిరుగుతుంటే, దూలానికి బిగించిన పెద్ద సమ్మెట లేచి పడుతుంటుంది. దాని కింద ఇనుము సాగగొట్టి జనానికి చూపించే ఉద్యోగం 1979లో అతనికి దొరికింది. అమెరికా పిలిపించిన బావమరిది రామమోహన్ ఫ్యాక్టరీలో వేయిస్తానంటే వద్దని, కమ్మరిపనే చేస్తానని మొండికేసిన మనిషి. ఇప్పుడు భయమేస్తోందని ఏ మొహంతో చెప్పుకుంటాడు?

తెనాలి దగ్గర సొంత కొలిమిలో అతను పట్టకారుతో ఇనుము పడితే భార్య కోటమ్మ సమ్మెట వేసేది. ఆపమనడానికి నోరు విప్పే పనే లేదు. చిన్నసుత్తితో, ఇనుము పెట్టి కొట్టే దాగలి దిమ్మ అంచున టక్కున ఒక్కటి కొడితే ఆమె సమ్మెట గాల్లోనే ఆగిపోయేది. ఏళ్ళ తరబడి అదే అలవాటు. మొన్న ఇక్కడా అలాగే టక్కుమనిపించి, ఇనుము మీద లేచిన నల్లపెచ్చు దులపడానికి చెయ్యి పెట్టబోయాడు. నీళ్ళకేం తెలుసు? సమ్మెట పడనే పడింది. వేళ్ళకు దాని గాలి తగిలింది.

ఆ రోజు నుంచి ముద్ద దిగడం లేదు. కుడిచెయ్యి పోతే తానెవడు? చివరికి తనతో పాటే వచ్చిన కోటమ్మకు చెప్పేశాడు. సమ్మెట లేచినప్పుడు దాని కిందికి తోస్తే పడకుండా పట్టే ఆపుకర్ర ఒకటుంది. ఆ కర్ర దగ్గర తాను నిలబడతానందామె. మేనేజర్ సరేనన్నాడు. చీరకట్టు చూడ్డానికి ఇంకో పదిమంది వస్తారనుకున్నాడేమో మహానుభావుడు.

ఆదివారం జనం బాగా వచ్చారు. ఇనుము ఎర్రగా సాగుతుంటే భీమశంకర్ ఒళ్ళు మరిచాడు. టక్కుమని కొట్టాడు, చెయ్యి లోపలికి పెట్టాడు. పెట్టాక గుర్తొచ్చింది. తలెత్తితే సమ్మెట ఆపుకర్ర మీద ఆగి ఉంది, సరిగ్గా తన చేతి పైన. చెయ్యి వెనక్కి లాక్కున్నాడు.

"బానే ఇన్నావే," అన్నాడు.

కోటమ్మ కర్ర వదల్లేదు.

"నీళ్ళ హోరులో ఏం ఇనపడుద్దయ్యా? పొద్దుటాల నుంచీ నీ చెయ్యే చూస్తన్నా. రెప్పెయ్యాలన్నా భయమేసింది."

మధ్యాహ్నం మళ్ళీ ఒకసారి చూపించాలి. చెయ్యి మళ్ళీ పాత అలవాటుకు పోకుండా భీమశంకర్ చిన్నసుత్తి తీసి ఆమె చేతికిచ్చేశాడు.