ఓబులమ్మ చెయ్యి తీయని చోటు

రిటైరవడానికి రెండేళ్ల ముందు నన్ను మైదుకూరు వైపు ఒక మండలంలోని పశువుల ఆసుపత్రికి వేశారు. హోదా వెటర్నరీ అసిస్టెంట్ సర్జన్. పని ఎక్కువగా గొర్రెలు, బర్రెలతోనే, కుక్కలు అరుదు. మంచి డాక్టరని, నోటి దురుసు మనిషని నాకు రెండు పేర్లూ ఉండేవి. పశువు మెడలో తాయెత్తు కనబడితే గేటు దగ్గరే కత్తిరించి, నలుగురి ముందు చీవాట్లు పెట్టేవాణ్ణి. అదొక సేవ అనుకునేవాణ్ణి.

వేరుశనగ పీకే రోజుల్లో ఒక ఉదయం ఓబులమ్మ అనే గొర్రెల కాపరి తన కుక్కను ఆటోలో తెచ్చింది. దాని మూతి బాగా వాచి కళ్లు మూసుకుపోయాయి.

"పాము కరిసినట్టుండాది సార్. మొగుడు పోయినాక మందకాడ నాకు ఇదొక్కటే తోడు. ఇది పోతే గొర్రెలు అమ్ముకోవాల్సిందే" అంది.

ముఖం వాచిన కుక్కకు మేము మొదట కాటు గుర్తు వెతుకుతాం. రక్తపింజరి కరిస్తే తరచుగా వాపు ఒక పక్కన ఎక్కువగా ఉంటుంది, నొప్పికి ముట్టుకోనివ్వదు, గాట్ల నుంచి నెత్తురు కారుతుంది. దీనికి వాపు రెండు పక్కలా మెత్తగా ఉంది. పెదవి లోపల మూడు తేనెటీగ ముళ్లు దొరికాయి. వాటిని గీకి తీసి, అలర్జీకి ఇచ్చే ఇంజెక్షన్లు వేశాను. మెడకు బెల్టు ఉందా అని అడిగితే లేదంది. అబద్ధం కాదు.

ఊపిరి తేలికపడాల్సింది పోయి గురక పెరిగింది. చిగుళ్లు నీలంగా మారుతున్నాయి. ఓబులమ్మ మొదటి నుంచీ కుక్క మెడ మీద చెయ్యి తీయలేదు. మమకారం అనుకున్నాను.

ఆ గురక విని ఆమె ఏడ్చేసింది. "తిట్టినా తిట్టండి సార్. మెడకు తాడుండాది. పాముమంత్రం వేసి కట్టినారు. మీరు చూస్తే కత్తిరిస్తారని చెయ్యి అడ్డం పెట్టుకోనుండా."

కట్టినప్పుడు ఆ తాడు వదులుగానే ఉండి ఉంటుంది. వాపు కిందికి దిగేసరికి బొచ్చులో, చర్మపు మడతలో కూరుకుపోయింది. కొండనాలుకకు మందేస్తే ఉన్న నాలుక ఊడిందన్నట్టయింది. మొండికొన కత్తెరను దాని కిందికి దూర్చి తెంచాను. కుక్క ఒక్కసారి దగ్గి, పొడవుగా గాలి పీల్చింది. మధ్యాహ్నానికి నీళ్లు తాగింది.

తెగిన తాడు ఇమ్మని ఓబులమ్మ భయపడుతూ అడిగింది. ఇచ్చాను. సిగ్గేసింది. తాడు కట్టింది వేరొకరు గాని, దాన్ని నా కంట పడకుండా దాచిపెట్టించింది నా నోరు.

ముఖం వాచిన కుక్కకు చేయాల్సిన మొదటి పని మెడకున్నది ఏదైనా తీసేయడం. తర్వాత కదలనీయకుండా ఆసుపత్రికి తేవడం. ఇది పుస్తకాల్లో ఉంది. తిట్టే డాక్టరుకు జనం సగమే చెబుతారన్నది మాత్రం నేను ముప్పై ఏళ్ల సర్వీసు తర్వాత నేర్చుకున్నాను. ఆ మిగిలిన సర్వీసంతా తాయెత్తు ఎవరు కట్టారని ఎవరినీ అడగలేదు. "మెడకేమైనా కట్టినారామ్మా?" అని మాత్రం అడిగేవాణ్ణి. కట్టినవాళ్లు చెప్పేవాళ్లు.